క్షణిజం కాల్చిన మా అత్తయ్య

కాలేజీలో తెలుగు సెక్షన్లు తగ్గించేశాక నేను ఇంటిపట్టున ఉండిపోయాను. నరసరావుపేటలో మాది మేడమీది వాటా. రెండు గదులు, వంటిల్లు. మా ఆయన బస్సు డిపోలో మెకానిక్కు. ఆయన పొద్దున్నే డ్యూటీకి వెళ్ళిపోతే ఇంట్లో నేనూ మా అత్తయ్యా మిగిలేవాళ్ళం. ఒకరు కడిగిన గిన్నెను ఇంకొకరు మళ్ళీ కడుగుతూ, ఒకరు మడతపెట్టిన బట్టల్ని ఇంకొకరు విప్పి మళ్ళీ మడతపెడుతూ రోజులు వెళ్ళదీస్తున్నాం. అలాంటప్పుడు నా దగ్గర ఇంటర్ చదువుకున్న ఒకమ్మాయి హైదరాబాదు నుంచి ఫోన్ చేసింది. ఫోన్లో కథలు వినిపించే కంపెనీలో పనిచేస్తోందట.

"మేడమ్, మాకో సీరియల్ ఉంది. కథ వేరేవాళ్ళు ఇంగ్లీషులో రాసి పంపిస్తారు. మీరు దాన్ని తెలుగులో, మనుషులు మాట్లాడుకున్నట్టుగా రాయాలి. రోజుకో ఎపిసోడ్" అంది.

సరేనన్నాను. కాగితాలు వచ్చాక చూస్తే తల తిరిగింది.

ఆ కథలో లోకాలు లెక్కలేనన్ని. ఒక లోకంలో నేను లెక్చరర్నైతే ఇంకో లోకంలో బస్సు నడుపుతుంటాను, మరో లోకంలో అసలు పుట్టనే పుట్టను. ఈ లోకాలన్నీ బొంతలో గుడ్డముక్కల్లా ఒకదాని పక్కన ఒకటి కుట్టి ఉంటాయి. ఆ కుట్ల సందుల్లో నీలంగా మెరిసే ఒక పదార్థం దొరుకుతుంది. దాన్ని తవ్వి తీస్తారు, బట్టీల్లో కాలుస్తారు. అది మండుతున్నంతసేపే లోకంలో కాలం నడుస్తుంది. సరుకు అయిపోయిన లోకం ఎక్కడిదక్కడ ఆగిపోతుంది. చెట్టుమీంచి రాలిన ఆకు నేలకు చేరదు. పిలిచినవాడి పిలుపు నోట్లోనే ఉంటుంది. మళ్ళీ ఎవరైనా ఒక తట్టెడు తెచ్చి కాలిస్తేగానీ అక్కడ మధ్యాహ్నం సాయంత్రం కాదు.

కథ నచ్చింది. చిక్కల్లా ఆ పదార్థం పేరుతోనే వచ్చింది. ఇంగ్లీషులో వాళ్ళు పెట్టిన పేరు నాకే నోరు తిరగలేదు. మూడు రోజులు కూర్చుని 'కాలద్రవ్యం', 'సమయసారం', 'కాలాగ్ని' అని రాసి పంపాను. ఆ అమ్మాయి నవ్వింది.

"మేడమ్, ఇవి ఆయుర్వేదం షాపులో సీసాల మీద పేర్లలాగా ఉన్నాయి."

మా ఆయన అన్నం తింటూ, "టైమ్ డీజిల్ అని పెట్టు. అందరికీ అర్థమవుద్ది" అన్నాడు.

నాలుగో రోజు మధ్యాహ్నం అత్తయ్య చింతపండులో గింజలు తీస్తూ నా వంక చూసింది.

"ఏందమ్మాయ్, మూడు రోజుల్నించి ఆ కాయితాన్ని అట్టా చూస్తా కూసున్నావు?"

సంగతి చెప్పాను.

"మండిద్దా అది?"

"మండుతుంది."

"నూనా, రాయా?"

"రాయే అనుకోండి. తవ్వి తీస్తారు."

"తవ్వి తీసేదైతే ఖనిజమేగా! మా సున్నపు బట్టీ ఎదురుగా బోర్డు మీద ఇంతింత లావు అచ్చరాలతో ఉండేది."

ఆమె ఖనిజమనే అన్నది. కాకపోతే వారం కిందటే పైవరస పళ్ళ సెట్టు కట్టించుకుంది. అది నోట్లో ఇంకా కుదురుకోలేదు. ప్రతి మాటలోనూ కాస్త ఈల కలుస్తోంది. నాకు వినపడింది 'క్షణిజం'.

"మళ్ళీ అనండి అత్తయ్యా."

"క్షణిజం. ఏం, తప్పా?"

క్షణాలు పుట్టే ఖనిజం. ఇంకేం కావాలి? వ్యాకరణం ఒప్పుకోదని నాకు తెలుసు. ఆ వ్యాకరణాన్ని పన్నెండేళ్ళు చెప్పినదాన్నే, ఆ పూటకి దాన్ని పక్కన పెట్టేశాను. పేరు పంపగానే హైదరాబాదు అమ్మాయి ఫోన్ చేసి, "సూపర్ మేడమ్! ఎక్కడ దొరికింది?" అని అడిగింది. మా ఇంట్లోనే, చింతపండు దగ్గర దొరికిందన్నాను.

ఆ రోజు నుంచి కథ మీద అత్తయ్యకు హక్కు వచ్చేసింది. "నేను పేరు పెట్టిన పిల్ల ఎట్టా పెరుగుతందో చూసుకోవద్దా?" అని రోజూ మధ్యాహ్నం నా ఎదురుగా కూర్చునేది. నేను రాసింది రాసినట్టు చదివి వినిపించేదాన్ని. మొదటి రోజే అడ్డం తగిలింది.

"కాలం ప్రభువు చేతిలో ఉంటది గాని, తట్టల్లో ఉంటదా?"

ఆదివారం ఆరాధన అయ్యాక ఆమే వెళ్ళి పాస్టరుగారిని చర్చి గేటు దగ్గర ఆపింది. మా అత్తయ్య సాక్ష్యం చెప్పడానికి లేచిందంటే మైకు కట్టేసినా వెనక వరసదాకా వినపడుతుంది. ఆ గొంతుతోనే మొత్తం కథ చెప్పి, "అయ్యగారూ, ఇట్టాంటిది నేను వినొచ్చా?" అంది. ఇంటికి వెళ్ళబోతున్న వాళ్ళంతా ఆగి విన్నారు.

పాస్టరుగారు బండి ఎక్కుతూ, "ప్రభువు కూడా కథలు చెప్పేగా మనకు బోధించింది. వినమ్మా, ఏం పర్లేదు" అన్నారు. బండి స్టార్టు చేయబోయి మళ్ళీ ఆగి, "అయితే ఆ రాయి అయిపోయిన లోకం సంగతి ఏమైంది?" అని అడిగారు.

"అది రేపొచ్చిద్దంట" అంది అత్తయ్య, కథంతా తన పెట్టెలో ఉన్నట్టు.

మా అత్తయ్య పిడుగురాళ్ళ సున్నపు బట్టీల్లో పదహారేళ్ళు పనిచేసింది. మామయ్య పోయాక మా ఆయన్నీ ఆడపడుచునీ ఆ పనితోనే పెంచింది. ఆ రోజుల గురించి ఇంట్లో ఎవరమూ ఎత్తేవాళ్ళం కాదు. పాత కష్టాలు గుర్తుచేసి బాధపెట్టడం ఎందుకని మా ఆయన అనేవాడు. నేనూ అలాగే అనుకున్నాను. ఒకరోజు నేను కథ చదువుతూ, "కాలిన క్షణిజం నల్లగా మారి, పర్వతమంత బరువెక్కింది" అన్నాను.

"తప్పు" అంది అత్తయ్య.

"ఏది తప్పు?"

"రాయి కాలితే బరువెక్కదమ్మాయ్, తేలికవుద్ది. పచ్చిరాయి తట్ట మోస్తే మెడ లోపలికి పొయ్యేది. అదే రాయి కాలినాక ఎత్తితే, అరే, ఇది నా తట్టేనా అనిపిచ్చేది. మేం మంట చూసి చెప్పేవోళ్ళం గాదు. చేత్తో ఎత్తి చూసి చెప్పేవోళ్ళం, కాలిందో లేదో."

"మరి ఆ బరువంతా ఏమయ్యేది?"

"గాల్లో పొయ్యేది." చేతులు దులుపుకుంది. "నీ కథలో అయితే ఆ పొయ్యేదే కాలం అయ్యుండిద్ది."

ఎన్నేళ్ళు పాఠాలు చెప్పినా నాకు ఈ ముక్క తట్టేది కాదు. ఆమె అన్నది అన్నట్టే రాసి పంపాను. రెండు రోజులకు హైదరాబాదు నుంచి ఫోను. కథ రాసేవాళ్ళకు ఈ సంగతి ఎంత నచ్చిందంటే, దానికోసం ఏకంగా కొత్త పాత్రనే పుట్టించారట. లోకాల సందులో చిట్టచివరి బట్టీని కాసే ఒక ముసలావిడ. రాయిని చేత్తో ఎత్తి చూసి, కాలిందో లేదో చెబుతుంది.

ఆ పాత్రకు గొంతు ఇచ్చిన ఎపిసోడ్ మచ్చుకు పంపితే ఇద్దరం కలిసి విన్నాం. అత్తయ్య మొహం చిట్లించింది.

"ఇది ముసల్దాని గొంతు గాదు. పడిశం పట్టిన పిల్ల గొంతు."

"అయితే మీరు చెప్పండి చూద్దాం" అని ఫోన్ ఆమె ముందు పెట్టాను. సరదాకే అన్నాను. ఆమె మాత్రం సరదాకి తీసుకోలేదు. గొంతు సవరించుకుని, కొంగు సర్దుకుని నాలుగు మాటలు చెప్పింది. నేను నవ్వుకుంటూ అది హైదరాబాదు పంపాను. గంట తిరక్కుండా ఆ అమ్మాయి ఫోన్ చేసింది.

"మేడమ్, ఎవరావిడ? మాకు ఆవిడే కావాలి."

అత్తయ్యకు చెబితే, "నేనా?" అని ఒకసారి అని, వెంటనే అద్దం దగ్గరకు వెళ్ళి జుట్టు దువ్వుకుంది. గొంతు మాత్రమే వినపడుతుందని చెప్పినా వినలేదు.

మా పడకగదే స్టూడియో అయింది. బీరువా తలుపులు రెండూ బార్లా తెరిచి, వాటిమీద బొంతలు వేలాడదీసి, మధ్యలో అత్తయ్యను నిలబెట్టేదాన్ని. ఫ్యాను ఆపాలి, కుక్కరు పెట్టకూడదు. కింద వీధిలో పాత ఇనప సామాను కొనే బండి మైకు వెళ్ళిపోయేదాకా ఆగాలి. ఆమె పెద్ద అక్షరాలైతేనే చదువుతుంది కాబట్టి పాత క్యాలెండర్ కాగితాల వెనక మార్కరుతో రాసేదాన్ని. మొదటి కాగితం మీద, "ఓ బాటసారీ, ఈ బట్టీ చెంతకు ఏల వచ్చితివి?" అని రాశాను. లోకాల మధ్య ఉండే ముసలావిడ కాబట్టి భాష కాస్త గంభీరంగా ఉండాలని నా ఉద్దేశం.

ఆమె దాన్ని రెండుసార్లు మనసులో చదువుకుంది.

"ఇట్టా ఎవురన్నా మాట్లాడతారా? ఆ పిలగాడు ఎంత దూరాన్నించి వచ్చాడో. ముందు కూసోమనొద్దా?"

"మీరైతే ఎలా అంటారో అలాగే అనండి."

"ఎవురయ్యా నువ్వు? పొద్దున్నించి ఆడనే నిలబడ్డావు. కూసో. మంచినీళ్ళు తాగుతావా?"

అదే ఖాయమైంది. అయితే మూడు ఎపిసోడ్లు వెళ్ళాక కంపెనీలో పై అధికారి ఒకాయన అభ్యంతరం చెప్పాడట. యాస ఎక్కువైంది, అందరికీ అర్థమయ్యే తెలుగులో చెప్పించండి అని. ఆ అమ్మాయి మొహమాటపడుతూ నాతో అంటుంటే, స్పీకర్లో విన్న అత్తయ్య ఫోన్ లాక్కుంది.

"పాపా, మీ అమ్మ నిన్ను ఏమని పిలిచిద్ది?"

"అదీ... ఒసేయ్ ఇట్రాయే అని పిలుస్తుంది అమ్మమ్మా."

"నీకు అర్థమవుద్దా?"

"అవుద్ది."

"మరింకేంది? ఆ అయ్యకి కూడా వాళ్ళమ్మ ఉండే ఉంటది. ఫోన్ చేసి మాట్లాడమను."

అవతల ఆ అమ్మాయి నవ్వు ఆపుకోలేక దగ్గు తెచ్చుకుంది. ఆ తర్వాత భాష గురించి మళ్ళీ మాట రాలేదు.

నెల తిరిగేసరికి కథ చివరి బట్టీ దాకా వచ్చింది. లోకాలన్నిటికీ కలిపి మిగిలిన క్షణిజం ఒక్క గుప్పెడు. దాంతో ఏదో ఒక లోకానికి ఒక్క మధ్యాహ్నం మాత్రమే నడుస్తుంది. దాన్ని ఎవరికివ్వాలో ముసలావిడ తేల్చాలి. మాకు వచ్చిన కథ ప్రకారం ఆవిడ దాన్ని ఒక చక్రవర్తి లోకానికి ఇస్తుంది. ఆగిపోయిన యుద్ధం కదిలి, ఆయన గెలుస్తాడు. కాగితం మీద రాసి అత్తయ్య ముందు పట్టుకున్నాను. ఆమె సగం చదివి ఆగిపోయింది.

"రాజుకెందుకు?"

"కథ అంతే అత్తయ్యా. ఆయన గెలవాలి."

"గెలిచి ఏం జేస్తాడు? ఇంకో యుద్ధం జేస్తాడు. ఉన్నదే గుప్పెడాయె. దాన్ని తీసకపోయి దాంట్లో తగలేస్తారా?"

"మరి మీరైతే ఎవరికిస్తారు?"

బొంతల మధ్య నిలబడి ఆమె కొంగుతో మొహం తుడుచుకుంది. ఫోన్ రికార్డింగులోనే ఉంది. తర్వాత మెల్లగా మొదలుపెట్టింది.

"ఒకరోజు బట్టీకాడ మబ్బేసింది. పెద్ద వాన. కాలిన సున్నం మీద నీళ్ళు పడితే కుతకుతా ఉడికిద్ది గదా, అందుకని మేస్త్రి ఉరుక్కుంటా వొచ్చి సరుకు మీద పట్టాలు కప్పిచ్చాడు. పనాగింది. ఆరుగురు ఆడోళ్ళం ఇంకో పట్టా కింద దూరినాం. ఒకామె కొంగులో ఉడకబెట్టిన శెనక్కాయలుండాయి. తిన్నాం. ఒకామె మేస్త్రి నడక నడిచి చూపిచ్చింది. ఇంక నవ్వినాం చూడూ... కడుపులు పట్టుకుని నవ్వినాం. వాన తగ్గితే మళ్ళా పన్లోకి పోవాల. తగ్గగూడదు ప్రభువా అని అందరం ప్రార్థన జేసినాం. ఆ ఆరుగుర్లో ఇద్దరు ఇందువులు, వాళ్ళూ జేసినారు. తగ్గలా. పొద్దుగూకేదాకా తగ్గలా. నాకాడ గుప్పెడు ఉంటే నేను ఆ లోకానికేస్తా. ఆడ ఆరుగురు ఆడోళ్ళు పట్టా కింద కూసోనుంటారు. పాపం, ఇంకాసేపు కూసోనీ."

గదిలో ఫ్యాను ఆపేసి ఉంది. ఇద్దరికీ చెమటలు కారుతున్నాయి. నేను కాగితం కిందికి దించేశాను.

"సరే, పట్టుకో. ఇప్పుడు మీ రాజుగారిది జెప్తా" అని రాసింది రాసినట్టు అది కూడా చెప్పేసింది.

నేను రెండూ పంపాను. ఏది వాడుకుంటారో వాళ్ళ ఇష్టం అని రాశాను. రెండు రోజులు హైదరాబాదు నుంచి ఉలుకూ పలుకూ లేదు. హద్దు మీరానేమో, పని పోయిందేమో అని నాకు లోపల గుబులు. అత్తయ్యకు అదేమీ లేదు. మూడో రోజు ఫోన్ మోగింది.

"రాజు ఓడిపోయాడు మేడమ్!" అంది ఆ అమ్మాయి. "కత్తి ఎత్తినవాడు ఎత్తినట్టే ఆగిపోయాడు. కథంతా మార్చేశారు. అమ్మమ్మ చెప్పిందే పెడుతున్నాం, ఒక్క మాట కూడా కొయ్యడం లేదు."

అత్తయ్య విని, "మంచిపని జేశారు. చెయ్యి నొప్పి పుడితే అతనే దించుకుంటాడు" అంది.

ఆ ఎపిసోడ్ వచ్చిన రోజు మా ఆయన డిపోలో భోజనాల దగ్గర నలుగురితో కలిసి విన్నాడు. సాయంత్రం వచ్చి చెప్పులు కూడా విప్పకుండా వాళ్ళమ్మ పక్కన కూర్చున్నాడు.

"ఈ సంగతి నాకెప్పుడూ చెప్పలేదేందమ్మా?"

"నువ్వడగలా."

"బట్టీ అంటే నీకు ఏడుపొచ్చిద్దని అనుకున్నాం."

"కష్టం కష్టమే. అట్టాగని పదహారేళ్ళూ ఏడుస్తా కూసుంటామా? చానా నవ్వినాం రా." ఇక ఆ రోజు నుంచి మా ఇంట్లో బట్టీ కబుర్లకు అడ్డూ ఆపూ లేకుండా పోయింది. మేస్త్రి ఎలా తిట్టేవాడో, ఆ తిట్లకు ఆడవాళ్ళు ఏం పేర్లు పెట్టుకున్నారో మా ఆయన నలభై ఏళ్ళు వచ్చాక మొదటిసారి విన్నాడు. విని, చిన్నపిల్లాడిలా ఇంకోటి చెప్పమనేవాడు.

విన్నవాళ్ళు కింద రాసిన మాటలు నేను రోజూ చదివి వినిపించేదాన్ని. కృష్ణానది అవతల నుంచి ఒకరు, మా నాయనమ్మ గూడ అచ్చం గిట్లనే మాట్లాడతది అని రాశారు. అది అత్తయ్యకు బాగా నచ్చింది. "చూశావా, ఏరు దాటి పోయింది నా గొంతు" అంది. కానీ ఆమె మనసు ఇంకో చోట ఉంది. ఆ ఆరుగురిలో ఇప్పుడు పిడుగురాళ్ళలో మిగిలింది ఒక్కామె. ఆమెకు వినిపించాలి.

ఒక శనివారం ఇద్దరం బస్సెక్కి వెళ్ళాం. ఆమె ఇంటిముందు గేదెకు చొప్ప వేస్తోంది. అత్తయ్యను చూడగానే చొప్ప అక్కడే పడేసి, "ఏమే, బతికే ఉన్నావా!" అని వాటేసుకుంది. నులకమంచం మీద కూర్చోబెట్టి నేను ఫోన్ ఆమె చేతికిచ్చాను. ఆమె దాన్ని చెవికి ఆనించుకుని కళ్ళు మూసుకుంది. శెనక్కాయల దగ్గరకు రాగానే కళ్ళు తెరిచింది.

"శెనక్కాయలు గాదే! మొక్కజొన్న కంకులు. నా కొంగులోయ్యేగా, నాకు తెలవదా?"

"శెనక్కాయలే. పొట్టు ఊడ్చింది నేను."

"అది ఇంకో రోజు. సరే, మేస్త్రి నడక ఎవురో నడిచారని చెప్పావేంది? నడిచింది నువ్వేగా!"

అత్తయ్య ఒక్కసారి గతుక్కుమంది. "నేనా?"

"నువ్వు గాక! పంచె ఎగ్గట్టినట్టు చీర ఎగ్గట్టి మరీ నడిచావు. ఒక భుజం పైకి, ఒక భుజం కిందికి."

అత్తయ్య మంచం మీంచి లేచింది. డెబ్బై దాటిన మనిషి. చీర కుచ్చిళ్ళు పైకి దోపుకుని, ఎడమ భుజం ఎత్తి, వేలు చూపిస్తూ వాకిట్లో ఆ కొస నుంచి ఈ కొసకు నడిచింది. "అదే! అదే!" అని ఆ స్నేహితురాలు చప్పట్లు కొట్టింది. గేదె మేత మానేసి చూసింది. పక్కింటివాళ్ళు వచ్చి గోడ దగ్గర నిలబడ్డారు. నాకు ఆ మేస్త్రి ఎవరో తెలియదు, ఎలా ఉంటాడో తెలియదు. అయినా నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకున్నాను. అత్తయ్య నవ్వుతోనే కూలబడింది, పళ్ళ సెట్టు జారితే కొంగులో పట్టుకుంది.

బయల్దేరే ముందు ఆ స్నేహితురాలు నా చెయ్యి పట్టుకుంది. "అమ్మాయ్, నాక్కూడా ఒక వేషం ఇప్పియ్యవే. నాది దీనికంటే పెద్ద గొంతు."

ఆ సంగతి హైదరాబాదు అమ్మాయికి చెబితే ఎగిరి గంతేసింది. మరుసటి నెల కథ అప్పటిదాకా ఎవరి లెక్కలోనూ లేని కొత్త లోకంలోకి వెళ్ళింది. అక్కడ క్షణిజం ఇంకా బోలెడంత ఉంది. కాలం వాళ్ళకు పంపులో నీళ్ళలా వస్తుంది. ఆ పంపు దగ్గర ఇద్దరు ఆడవాళ్ళు, ముందు నా బిందె అంటే నా బిందె అని పోట్లాడుకోవాలి. రాసినవి నాలుగే నాలుగు మాటలు. పిడుగురాళ్ళ నుంచి ఆమెను పిలిపించి, అత్తయ్యతో కలిపి ఇద్దరినీ బీరువా ముందు నిలబెట్టాను.

అరగంట పోట్లాడుకున్నారు. బిందెల దగ్గర మొదలై, బట్టీ దగ్గరి పాత తగాదాల్లోకి పోయి, మొక్కజొన్న కంకుల దగ్గర ఆగి, మళ్ళీ బిందెల దగ్గరకు వచ్చారు. కంపెనీవాళ్ళు అందులోంచి ఒక్క నిమిషం వాడుకున్నారు. మిగతాదంతా నా ఫోన్లో ఉంది. కూరలు తరుక్కుంటూ పెట్టుకుని వింటుంటాను. చివర్లో ఇద్దరూ అలిసిపోయి తిట్లు ఆపేస్తారు. కాసేపు ఆయాసం వినపడుతుంది. తర్వాత మా అత్తయ్య గొంతు, "ఇంక చాల్లే గాని అమ్మాయ్, కాసిని టీ పెట్టవే" అంటుంది. అది వినపడగానే నేను అత్తయ్యకూ నాకూ టీ పెట్టడానికి పొయ్యి వెలిగిస్తాను.